కళాదర్శకుని లెక్కలు

‘మాయాబజార్’ (1957) చూచిన విద్యార్థి ఎవరైనను తన ఉపాధ్యాయుని ఒక ప్రశ్న అడుగవచ్చును: అంత పెద్ద ద్వారకానగరమును ఎక్కడ కట్టిరి? మద్రాసులో, సుమారు 50 అడుగుల వెడల్పు, 60 అడుగుల పొడవు గల స్థలములో. దాదాపు 300 బొమ్మ ఇండ్లు చేసి, ఒక్కొక్క దానిలో విడిగా విద్యుద్దీపము అమర్చిరి. కళాదర్శకులు మాధవపెద్ది గోఖలే, కళాధర్. ఛాయాగ్రాహకుడు మార్కస్ బార్ట్లే.

గోఖలే చిత్రకారుడు, కథలు కూడ వ్రాసెను. కళాధర్‌తో కలసి ‘పాతాళభైరవి’ (1951)కి మాంత్రికుని గుహను, ‘మిస్సమ్మ’ (1955)కు జమీందారు ఇంటిని కల్పించెను. గుహను చూచి అందరును మెచ్చుకొందురు. ఇంటిని చూచి, అది ఎవరో కట్టినదని కూడ తలపరు. నా మట్టుకు ఆ రెండవదే కష్టమైన పని.

బొమ్మ ఇల్లు మేడవలె ఎట్లు కనబడును? ఒక వస్తువు ఎంత పెద్దదిగా కనబడునది అది కంటివద్ద చేయు కోణముపై ఆధారపడును. 160 అడుగుల దూరమందున్న 16 అడుగుల మేడయు, 10 అడుగుల దూరమందున్న 1 అడుగు బొమ్మయు ఒకే కోణము చేయును. మనకు రెండు కన్నులుండుటచే దగ్గరి వస్తువు దూరము తెలిసిపోవును. కెమెరాకు ఉన్నది ఒకే కన్ను. మా తరగతిలో పిల్లలు ఒక కన్ను మూసి, సుద్దముక్కల పెట్టెతో ఎదుటి నీళ్లట్యాంకును కప్పివేసి ఎంతో సంతోషించిరి.

అయితే కెమెరాను కూడ తగ్గించిన కొలతలోనే ఉంచవలెను. 5 అడుగుల ఎత్తున ఉండు మనిషి కన్ను, పదునారవ వంతు నగరములో సుమారు 4 అంగుళముల ఎత్తునకు దిగవలసియుండును. నిజమైన నగరములో దూరపు గోడలు గాలిలోని దుమ్ము, తేమల వలన వెలవెలబోవును. బొమ్మ నగరములో అంత గాలి లేదు గనుక ఆ పాలిపోవుటను రంగుతోనే తేవలెను. నలుపు తెలుపు చిత్రములలో మరియొక చిక్కు గలదు. కంటికి వేరుగా తోచు ఎరుపు, ఆకుపచ్చ ఫిలిముపై ఒకే బూడిదరంగుగా పడవచ్చును.

అన్నిటికంటె మొండిది గురుత్వాకర్షణ. 16 అడుగుల ఎత్తునుండి రాయి 1 సెకనులో పడును. 1 అడుగు ఎత్తునుండి పడుటకు పావు సెకను చాలును. కాబట్టి బొమ్మ గోడ కూలినప్పుడు ఆటవస్తువు పడినట్లే ఉండును. దీనికి ఉపాయమున్నది: సెకనుకు 24 బొమ్మలకు బదులు 96 తీసి, ప్రదర్శనలో 24 చొప్పుననే నడిపినచో, ఆ పావు సెకను పూర్తి సెకను అగును.

నీటికి మాత్రము ఈ ఉపాయము సగమే పనిచేయును. తలతన్యత వలన నీటి బొట్టు బొమ్మకు తగినట్లు చిన్నదికాదు. తొట్టిలోని అల విరిగినప్పుడు బొట్లు ఓడ కిటికీలంత కనబడి గుట్టు బయటపడును. అందుచేతనే సముద్రము, వరద చూపవలసివచ్చినప్పుడు కళాదర్శకులు, స్థలమును డబ్బును అనుమతించినంత పెద్ద బొమ్మనే అడుగుదురు.