సీతాకోకచిలుకల పెంపకము

సీతాకోకచిలుకను పట్టి సీసాలో నుంచి, మూతకు రెండు బెజ్జములు పొడిచినచో అది సుఖముగా బ్రతుకునని పలువురు బాలురు తలంతురు. మరునాడు చూచునప్పటికి అది రెక్కలు చినిగి సీసా అడుగున పడియుండును. గాలి చాలక చచ్చినదని వారి యూహ. కారణమది కాదు. ఆ ప్రాణి వెలుతురు వచ్చు దిక్కునకే ఎగురును. అడ్డమున్న గాజు దానికి కానరాదు. వెలుగున్నంతసేపు గాజునకు కొట్టుకొని కొట్టుకొని అలసిపోవును. తేనె దొరకక నీరసించును. మన వ్రేళ్ల కంటుకొను మెరుపుపొడి యనునది దాని రెక్కలపై ఇంటికప్పున పెంకులవలె పేర్చియుండు సూక్ష్మమైన పొలుసులే. రాలిన పొలుసులు మరల మొలవవు, చినిగిన రెక్క అతుకదు.

కావున పెంపకమున కోరిక గలవారు సీతాకోకచిలుకను వెంటాడుట మాని, దాని చెట్టును వెదకవలెను. ఒక్కొక్క జాతి పిల్లపురుగునకు కొన్ని మొక్కలే ఆహారము. జిల్లేడాకు తిను పురుగు ఆకలితో చచ్చునే గాని కరివేపాకును ముట్టదు. ఈ నియమము నెరుగక పురుగునకు దొరికిన ఆకెల్ల వేయుటచేతనే అనేకుల ప్రయత్నములు తొలినాడే ముగియుచున్నవి.

ప్రారంభకులకు నిమ్మ సీతాకోకచిలుక మిక్కిలి అనువైనది. నల్లని రెక్కలపై లేత పసుపుపచ్చని మచ్చలును, వెనుక రెక్కల అంచున ఎఱ్ఱని చుక్కయు గలది యిదే. నిమ్మ, నారింజ, కరివేపచెట్ల లేతయాకులపై ఇది ఆవగింజకంటె చిన్నవైన గుండ్రని గ్రుడ్లను విడివిడిగా పెట్టును. మన యిండ్లలో కరివేపచెట్టు లేని పెరడు అరుదు గదా! గ్రుడ్డున్న రెమ్మను త్రుంచి తెచ్చుట మేలు. ఎదిగిన పురుగును తెచ్చినచో, అప్పటికే దాని దేహములో పరాన్నజీవులైన చిన్న ఈగలు గ్రుడ్లుపెట్టి యుండవచ్చును. అంగడిలో కొన్న కరివేపాకు వేయరాదు. దానిపై పురుగుమందు చల్లి యుండవచ్చును.

మూడు నాలుగు దినములలో పురుగు వెలువడును. తొలిదశలలో అది అచ్చముగా పక్షిరెట్టవలె నుండును. పక్షులు దానిని చూచియు విడిచిపోవుట కిదియే ఉపాయము. పెరిగినకొలది ఆకుపచ్చగా మారును. ముట్టినచో తలవెనుకనుండి చీలిన నాలుకవంటి కొమ్మును వెలికిజాచి ఘాటైన వాసన వెదజల్లును. దీనికి వెరవ బనిలేదు, కాని ఊరక ముట్టరాదు.

పెట్టెకు సీసా పనికిరాదు. మూతబెట్టిన గాజులో ఆకుల తేమ చెమ్మటిల్లి బూజు పట్టును, పురుగులు నల్లబడి చచ్చును. రెండడుగుల ఎత్తున కఱ్ఱచట్రము చేసి పాత దోమతెర గుడ్డ బిగించినచో చాలును. దాని కాళ్లను నీళ్లున్న మూకుళ్లలో నిలుపవలెను. మన తల్లులు తినుబండారములను చీమలనుండి కాపాడు పద్ధతి యిదియే. రెమ్మను నీటిబుడ్డిలో నుంచినప్పుడు బుడ్డిమూతిని దూదితో మూయవలెను, లేకున్న పురుగు జారిపడి మునిగిపోవును. రెట్టను దినదినము తుడువవలెను. జబ్బుపడిన పురుగును వెంటనే వేరుచేయవలెను.

సుమారు రెండు వారములకు పురుగు తిండిమాని అటునిటు తిరుగును. అప్పుడు ఎండుపుల్లలు రెండు మూడు నిలిపిన, ఒకదానికి తోకను పట్టుతో అంటించి, నడుమునకు పట్టుదారపు మొలత్రాడు కట్టుకొని ప్యూపాగా మారును. పచ్చని ఆకులనడుమ పచ్చగాను, ఎండుపుల్లపై గోధుమవన్నెగాను అది కానవచ్చును. దానిని కదల్పరాదు. వారము పదిదినములకు పెంకు నల్లబడి లోపలి రెక్కల మచ్చలు బయటికి కనబడును. సాధారణముగా ఆ మరునాటి యుదయమే చిలుక వెలువడును.

అత్యంత సుకుమారమైన ఘడియ యిది. రెక్కలు తడిగుడ్డవలె నలిగియుండును. అది పుల్లకు వ్రేలాడి, దేహములోని ద్రవమును రెక్కల నరములలోనికి ఎక్కించి వానిని విప్పును. క్రింద చాలినంత చోటు లేకున్నను, జాలితో మనము చేయిజాచి సాయపడబోయినను, రెక్కలు వంకరగానే ఎండిపోవును. రెండుగా నున్న తుండపు పాయలను ఒకటిగా అతికించుకొనుటయు నప్పుడే. కొన్ని గంటలు దానిని విడిచియుంచుటయే మనము చేయదగిన ఉపకారము.

బెంగుళూరు దాపున బన్నేరుఘట్టమున 2006లోను, తమిళనాట శ్రీరంగము చేరువను 2015లోను సీతాకోకచిలుకల వనములు తెరవబడినవి. అచ్చటను ప్రధానమైన కృషి మొక్కల పెంపకమే: పురుగులకు ఆకునిచ్చునవి కొన్ని, చిలుకలకు తేనె నిచ్చునవి కొన్ని. అడవినుండి తెలియని జాతులను తెచ్చుట మాత్రము తగదు. 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టము పలుజాతులకు రక్షణ కల్పించినది.

రెక్కలు గట్టిపడిన చిలుకను ఎండకాయు పూట పెరటిలో విడువవలెను. వానలోను, ప్రొద్దుగ్రుంకు వేళను విడువరాదు. పూర్ణవయస్సున దాని జీవితము ఒకటి రెండు వారములు మాత్రమే. వంకర రెక్కలతో పుట్టినదానిని విడిచిన తొండల పాలగును. దానిని దోమతెరపెట్టెలోనే యుంచుడు. పదిపాళ్ల నీటిలో ఒకపాలు చక్కెర కరగించి, దూది తడిపి, దానిపై దాని కాళ్లు ఆనునట్లు నిలిపినచో, పాదములతోనే రుచినెఱిగి తుండము విప్పి త్రాగును. దూదిని దినమునకొకసారి మార్చుడు. పులిసిన చక్కెరనీరు దానికి చేటు.