నూబియా: నైలునది కాపాడిన దేశం

ఈజిప్టులోని అస్వాన్ మొదలుకొని సూడాన్‌లోని ఖార్తూమ్ పరిసరాల వరకు నైలునదీ తీరాన వ్యాపించిన ప్రాచీన దేశమే నూబియా. ఈ భాగంలో ఆరు చోట్ల రాతిబండలు నదికి అడ్డుపడటం వల్ల పడవలు సాగటం కష్టం. ఇరువైపులా ఎడారి. కనుకనే ఉత్తరాది సైన్యాలకు ఈ దేశం సులభంగా లొంగలేదు.

క్రీ.పూ. 8వ శతాబ్దంలో ఇక్కడి కుష్ రాజులు ఈజిప్టునే జయించి పాలించారు. తరువాత వారి రాజధాని మెరోయె ఇనుప పరిశ్రమకు పేరుగాంచింది. క్రీ.శ. 6వ శతాబ్దంలో నూబియా రాజ్యాలు క్రైస్తవాన్ని స్వీకరించాయి.

హజ్రత్ ఉస్మాన్ (రజి) ఖిలాఫత్ కాలంలో, హిజ్రీ 31 (క్రీ.శ. 652)లో, ఈజిప్టు గవర్నరు అబ్దుల్లా బిన్ సఅద్ డొంగోలా నగరాన్ని ముట్టడించారు. నూబియా విలుకాండ్ర గురి చూసి అరబ్బులు వారిని 'కనుపాపలను కొట్టేవారు' అన్నారు. చివరకు 'బఖ్త్' అనే ఒడంబడిక కుదిరింది. తరువాతి చరిత్రకారుల కథనం ప్రకారం నూబియా ఏటా సుమారు 360 మంది బానిసలను పంపేది. ఈజిప్టు ధాన్యం, వస్త్రాలు పంపేది. ఒడిదుడుకులతోనే ఈ ఏర్పాటు దాదాపు ఆరు శతాబ్దాలు నిలిచింది. వర్తకం, వలసలు, వివాహ సంబంధాల ద్వారా ఇస్లాం క్రమంగా వ్యాపించింది. 1317లో డొంగోలా రాజసభామందిరం మస్జిదుగా మారింది.

1960లో నిర్మాణం ఆరంభమైన అస్వాన్ హైడ్యాం జలాశయం ఉత్తర నూబియాను ముంచివేసింది. సుమారు లక్ష మంది స్వగ్రామాలు విడిచారు. అబూ సింబెల్ ఆలయాలను ముక్కలుగా కోసి మెరకకు చేర్చారు. గ్రామాలు, ఖర్జూర తోటలు, ఖబరస్తాన్లు మాత్రం నీటి పాలయ్యాయి. సైన్యాలను నిలువరించిన నదియే చివరకు ఆ నేలను కప్పివేసింది. నూబియా భాషలు మాత్రం నేటికీ ప్రజల నోట నిలిచి ఉన్నాయి.