సెట్టింగుల నుంచి షింగు నది దాకా

'టైటానిక్', 'అవతార్' చిత్రాల దర్శకునిగా జేమ్స్ కామెరూన్ తెలుగు ప్రేక్షకులకు సుపరిచితుడు. 2023 జనవరిలో 'ఆర్ఆర్ఆర్' చిత్రాన్ని రెండుసార్లు చూశానని రాజమౌళితో చెప్పి ఆయన ఇక్కడి అభిమానులకు మరింత చేరువయ్యారు. అయితే ఆయన చలనచిత్ర జీవితం సెట్టింగుల పనితో మొదలైందని, సముద్రాలపైన, నదులపైన డాక్యుమెంటరీలు తీసే దిశగా సాగిందని కొద్దిమందికే తెలుసు.

లారీ నడుపుతూ...

కామెరూన్ 1954లో కెనడాలో జన్మించారు. నయాగరా జలపాతం సమీపంలో బాల్యం గడిచింది. 1971లో కుటుంబం కాలిఫోర్నియాకు తరలింది. అక్కడ లారీ నడుపుతూ జీవించిన ఆయన, 1977లో 'స్టార్ వార్స్' చూశాక ఆ ఉద్యోగం వదిలి సినిమాల బాట పట్టారు. తక్కువ ఖర్చుతో చిత్రాలు నిర్మించే రోజర్ కార్మన్ సంస్థలో నమూనాలు తయారుచేసే పని దొరికింది. 'బ్యాటిల్ బియాండ్ ది స్టార్స్' (1980)కు కళాదర్శకత్వం వహించారు. 'గెలాక్సీ ఆఫ్ టెర్రర్' (1981)కు సెట్టింగుల రూపకల్పన బాధ్యత చేపట్టారు. చేతిలో డబ్బు తక్కువ. బర్గర్లు పెట్టి ఇచ్చే థర్మాకోల్ డబ్బాలను గోడలకు అతికించి, రంగు పూసి అంతరిక్ష నౌక నడవాగా మార్చారు.

నీటి తొట్టి నుంచి సముద్రానికి

దర్శకుడయ్యాక 'ది అబిస్' (1989) కోసం అమెరికాలో నిర్మాణం మధ్యలో నిలిచిపోయిన అణువిద్యుత్ కేంద్రంలో 75 లక్షల గ్యాలన్ల నీరు నింపి సముద్రగర్భాన్ని కల్పించారు. 1995లో కల్పనతో తృప్తి చెందక, చిన్న జలాంతర్గామిలో 12 సార్లు దిగి టైటానిక్ ఓడ శిథిలాలను చిత్రీకరించారు. 'టైటానిక్' (1997) 11 ఆస్కార్లు గెలిచాక, పన్నెండేళ్లపాటు మరో కథాచిత్రం విడుదల చేయలేదు. ఆ విరామంలో తీసిన 'ఏలియన్స్ ఆఫ్ ది డీప్' (2005) డాక్యుమెంటరీ, సూర్యకాంతి చేరని సముద్రపు అడుగున వేడినీటి ఊటలను ఆశ్రయించి బతికే జీవులను చూపింది. 2012 మార్చి 26న ఆయన ఒంటరిగా మరియానా అగాధంలో దాదాపు 10,900 మీటర్ల లోతుకు చేరారు.

తెరపై కథ.. తీరాన వ్యథ

ఖనిజం కోసం అడవి బిడ్డలను తరిమే కథ 'అవతార్' (2009). మరుసటి ఏడాది అదే సమస్య బ్రెజిల్‌లో ఆయనకు ప్రత్యక్షంగా ఎదురైంది. అమెజాన్ అడవుల్లోని షింగు నదిపై బెలో మోంటే జలవిద్యుత్ ప్రాజెక్టును అక్కడి ఆదివాసులు వ్యతిరేకిస్తున్నారు. కామెరూన్ వారి గ్రామాలకు వెళ్లి, వారి మాటలను 'ఎ మెసేజ్ ఫ్రమ్ పండోరా' (2010) అనే లఘు డాక్యుమెంటరీలో పొందుపరిచారు. ప్రాజెక్టు నిలిపివేయాలని దేశాధ్యక్షునికి లేఖ రాశారు.

ముంపు, నిర్వాసితులు, పునరావాసం వంటి మాటలు పోలవరం కారణంగా గోదావరి తీరవాసులకు కొత్తవి కావు. షింగు వద్ద ముంపుతోపాటు ఎండుడు సమస్యా ఉంది. ఆనకట్ట వద్ద నీటిని కాలువలోకి మళ్లించి, దూరంగా ఉన్న విద్యుత్ కేంద్రానికి తరలిస్తారు. దీంతో మధ్యలోని సుమారు 100 కిలోమీటర్ల నదీ భాగానికి నీరు తగ్గిపోతుంది. ప్రవాహంలో 80 శాతం వరకు మళ్లించేలా పథకాన్ని రూపొందించారు. చేపల వేటపై, పడవ ప్రయాణంపై బతికే ఆదివాసులకు ఇది ప్రాణాంతకం. దేశానికి విద్యుత్తు అవసరమన్నది ప్రభుత్వ వాదన.

ఆగని నిర్మాణం

డాక్యుమెంటరీ ఆనకట్టను ఆపలేకపోయింది. 2011లో పనులు మొదలయ్యాయి. 2016లో విద్యుదుత్పత్తి ఆరంభమై, 2019లో చివరి యంత్రం పనిచేయనారంభించింది. 20 వేల మందికి పైగా నిర్వాసితులయ్యారు. స్థాపిత సామర్థ్యం 11,233 మెగావాట్లయినా, వర్షాభావ మాసాల్లో నది సన్నబడటంతో ఉత్పత్తి బాగా పడిపోతోంది. ఆనకట్టకు ముందు షింగు ఎలా ప్రవహించిందో, తీరవాసులు దేనికి భయపడ్డారో మాత్రం ఆ చిన్న చిత్రంలో నిలిచిపోయింది. సెట్టింగు కూలితే మళ్లీ కట్టుకోవచ్చు. నదికి ఆ వీలు లేదు.