వసూలు గుత్త గడువు పెరిగితే భారం ఎవరిపై?

ప్రభుత్వం తనకు రావలసిన రుసుమును స్వయంగా వసూలు చేసుకోక, ఆ హక్కును పాటలో గుత్తేదారుకు అప్పగించడం వర్తకులకు కొత్త విషయం కాదు. ఆంధ్ర ప్రాంతపు సంతలలో ఆశీలు, తెలంగాణలో తైబజారు, చాలాచోట్ల టోలు గేటు వసూలు ఈ పద్ధతిలోనే నడుస్తున్నవి. గుత్తేదారు ధరావతు చెల్లించి, కిస్తుల ప్రకారం పాట మొత్తం కడతాడు. వచ్చిన లాభనష్టాలు అతనివే. తగాదా తరచు గడువు ముగిసే వేళ మొదలవుతుంది. వసూళ్లు నిలిచిపోయి నష్టం వచ్చిందని పాత గుత్తేదారు గడువు పొడిగించమంటాడు. కొత్త పాటకు సిద్ధంగా ఉన్నవారు అభ్యంతరం చెబుతారు. వ్యవహారం కోర్టుకెక్కుతుంది.

ఇటువంటి దావాలలో ముఖ్యంగా మూడు అంశాలు చర్చకు వస్తాయి.

మొదటిది హక్కు. పొడిగింపు వేరు, పునరుద్ధరణ వేరు. 1989లో ఒక లీజు వివాదంలో సుప్రీంకోర్టు ఈ తేడాను స్పష్టం చేసింది. పొడిగింపు అంటే పాత ఒప్పందమే ముందుకు సాగడం. పునరుద్ధరణ అంటే కొత్త ఒప్పందం పుట్టడం. కొత్త ఒప్పందమే అయినప్పుడు మళ్లీ పాట ఎందుకు పెట్టలేదన్న ప్రశ్న వస్తుంది. అందరికీ సమాన అవకాశం కల్పించే రాజ్యాంగం 14వ అధికరణం ఇక్కడ అడ్డు తగులుతుంది. అందువలన పొడిగింపు కోరేవారు ఒప్పందంలోని షరతు చూపగలగాలి. గడువు మిగిలి ఉండగానే కోరాలి.

రెండవది కారణం. పెద్ద నోట్ల రద్దు తరువాత 2016 నవంబరు 9 నుంచి డిసెంబరు 2 వరకు, లాక్‌డౌన్ కాలంలో 2020 మార్చి 26 నుంచి ఏప్రిల్ 19 వరకు జాతీయ రహదారులపై టోలు వసూలును కేంద్ర ప్రభుత్వమే ఆపివేసింది. ఇటువంటి నష్టం గుత్తేదారు చేతిలో లేనిది. ఒప్పందంలో తగిన షరతు ఉన్న పక్షంలో నష్టపరిహారమో, పోయిన రోజులకు బదులు రోజులో అడగవచ్చు. పోటీలో పాట ఎక్కువ పాడి నష్టపోయామన్న మాట మాత్రం నిలవడం కష్టం.

మూడవది హద్దు. సొంత పెట్టుబడితో రహదారి వేసి టోలు ద్వారా రాబట్టుకునే బీఓటీ పద్ధతిలో, జాతీయ రహదారుల నమూనా ఒప్పందం ఒక లెక్క చూపింది. నిర్ణీత తేదీన వాహనాల రాకపోకలు అంచనా కంటే బాగా తగ్గితే, ప్రతి 1 శాతం లోటుకు గడువు 1.5 శాతం పెరుగుతుంది. ఆ పెరుగుదల 20 శాతం మించరాదు. రాకపోకలు అంచనా మించితే ప్రతి 1 శాతానికి 0.75 శాతం చొప్పున గడువు తగ్గుతుంది. ఈ తగ్గుదలకు హద్దు 10 శాతం.

హద్దు లేని లెక్క ఎక్కడికి దారితీస్తుందో ఢిల్లీ, నోయిడాల మధ్య నిర్మించిన డైరెక్ట్ ఫ్లైవే కేసు తెలుపుతుంది. 1997లో కుదిరిన ఒప్పందం ప్రకారం వసూలు గడువు 30 ఏళ్లు. అయితే పెట్టుబడిపై ఏటా 20 శాతం రాబడి రాకపోతే ఆ లోటు అసలుకు కలుస్తుంది. అంతా తీరేదాకా గడువు పెరుగుతూ పోతుంది. చక్రవడ్డీ అప్పువలె, 2001లో వసూలు మొదలైన తరువాత బాకీ తరగక పెరిగింది. స్థానిక నివాసుల సంఘాల సమాఖ్య దావా వేయగా అలహాబాద్ హైకోర్టు 2016 అక్టోబరు 26న టోలును నిలిపివేసింది. 2024 డిసెంబరు 20న సుప్రీంకోర్టు ఆ తీర్పును ఖాయం చేసింది. పోటీ టెండరు లేకుండా గుత్త ఇవ్వడాన్ని తప్పుపట్టింది. కంపెనీకి పెట్టుబడి, నిర్వహణ ఖర్చు, లాభం ఇప్పటికే ముట్టాయని పేర్కొన్నది.

టోలు లారీ కిరాయిలో కలుస్తుంది. కిరాయి మిర్చి టిక్కీ మీద, బియ్యం బస్తా మీద పడుతుంది. గడువు పెరిగిన ప్రతి రోజూ ఆ భారం సరుకు మోసేవారిదే. కాబట్టి ఏడాది కిరాయి ఒప్పందాలు చేసుకునే వర్తకులు ఫలానా తేదీతో గేటు లేచిపోతుందని ముందే లెక్క వేసుకోరాదు. పాటకు వెళ్లేవారు ధరావతు కట్టకముందే పొడిగింపు షరతును చదివి, ఏ కారణానికి, ఎన్ని రోజులకు, ఎంత హద్దువరకు అన్నది కాగితంపై ఉన్నదీ లేనిదీ చూసుకోవడం మేలు.