సత్యం సాక్షిగా

దేవుడు లేడని చెప్పినవారు మన దేశంలో చార్వాకుల కాలంనుంచీ ఉన్నారు. కాని, గోరాగా లోకమెరిగిన గోపరాజు రామచంద్రరావుకు ఆ మాట చర్చకు ముగింపు కాదు, ఆరంభం. దేవుడు లేనప్పుడు ఎదుటివాని ఆకలికి జవాబు చెప్పవలసిందెవరు? జీవితమంతా ఆయన అడిగిన ప్రశ్న ఇదే.

1902లో ఛత్రపురంలో, ఆచారవంతులైన బ్రాహ్మణుల ఇంట గోరా జన్మించారు. వృక్షశాస్త్రం బోధించేవారు. నాస్తిక భావాల మూలంగా 1933లో కాకినాడలో కొలువు పోయింది. తరువాత బందరులోనూ అంతే. 1940లో భార్య సరస్వతితో, పిల్లలతో కృష్ణాజిల్లా ముదునూరు చేరి నాస్తిక కేంద్రం నెలకొల్పారు. అక్కడ సిద్ధాంత చర్చలకన్న సహపంక్తి భోజనాలకే సందడి ఎక్కువ.

1943 కరువులో కలకత్తా వీధుల్లో తాను చూచినది ఆయన గాంధీజీకి వివరించారు. మిఠాయి దుకాణాల పక్కనే మనుషులు ఆకలితో ప్రాణాలు విడిచారు. తినేవాడూ, చచ్చేవాడూ ఇద్దరూ అంతా విధి అనుకొన్నారని గోరా వాదం. ఇందులో కొంత అతి లేకపోలేదు. ధరల పెరుగుదల, నాటి ప్రభుత్వ విధానాలు చేసిన హత్యను విధివాదం ఒక్కదానిమీద మోపలేము. అయినా గాంధీజీ ఆ మాటలను తోసిపుచ్చలేదు.

అసలు పరీక్ష ఇంటిలోనే ఎదురైంది. పెద్దకుమార్తె మనోరమను దళిత యువకుడైన అర్జునరావుకు ఇవ్వాలని గోరా నిశ్చయించారు. ఆ పెండ్లి సేవాగ్రాంలో జరిపిస్తానన్నారు గాంధీజీ. నాస్తికుని మనసు నొప్పించకుండా, వధూవరుల ప్రమాణంలో దైవం ఉన్నచోట సత్యాన్ని ఉంచడానికి ఒప్పుకొన్నారు. పరమ ఆస్తికుడు చేసిన ఈ సవరణ చిన్నదేమీ కాదు. 1948 మార్చిలో సేవాగ్రాంలోనే వివాహం జరిగింది. అప్పటికి గాంధీజీ లేరు.

అదే కాలంలో ఫ్రాన్సులో ఇమాన్యుయేల్ లెవినాస్ అనే తత్త్వవేత్త ఎదుటి మనిషి ముఖం చూచిన క్షణంలోనే బాధ్యత మనమీద పడుతుందని, అది మన స్వేచ్ఛకన్న ముందటిదని ప్రతిపాదించారు. ఆయన యూదుమత విశ్వాసి. గోరా లెక్క తలక్రిందులు: మనిషి స్వతంత్రుడు, కనుకనే బాధ్యుడు. త్రోవలు వేరైనా ఇద్దరూ నిలిచింది పొరుగువాని గుమ్మం ముందే.

మంత్రులు నిరాడంబరంగా బ్రతకాలని కోరుతూ 1961-62లో గోరా సేవాగ్రాం నుంచి ఢిల్లీకి నడిచివెళ్ళారు. 1975 జూలై 26న విజయవాడలో, సభలో ప్రసంగిస్తూనే కన్నుమూశారు. కుమారుడు లవణం, కోడలు హేమలత (ఈమె మహాకవి జాషువా కుమార్తె) అప్పటికే స్టూవర్టుపురం బాట పట్టారు. పుట్టుకతోనే దొంగలుగా ముద్రపడిన కుటుంబాల నడుమ వారు ఏళ్ళ తరబడి పనిచేశారు. ఆ తరువాత నిజామాబాదు జిల్లాలో జోగినుల పునరావాసానికి పూనుకొన్నారు.