విందుకు రొయ్యల డిప్పు



ఈమధ్య మన ఇళ్ళలో పుట్టినరోజైనా, నిశ్చితార్థమైనా, గృహప్రవేశం సాయంత్రమైనా, భోజనాలకు ముందు అతిథుల చేతికి ఒక చిన్న పళ్ళెం ఇవ్వడం అలవాటైంది. అందులో నాలుగు చెక్కలు, క్యారట్ ముక్కలు, పక్కన గిన్నెలో తెల్లగా, చిక్కగా ఒక పదార్థం. పిల్లలు దాన్ని డిప్పు అంటారు. మా ఇంట్లో మొదటిసారి ఆ మాట వినబడినప్పుడు మా అత్తగారు, "కొబ్బరి డిప్పా?" అని అడిగారు. కాదండీ, ముంచుకు తినేది కాబట్టి ఆ ఇంగ్లీషు పేరు వచ్చింది. మన పెరుగు పచ్చడికి దగ్గరి చుట్టమే. కాకపోతే ఇది జారదు, ముంచిన ముక్కను అంటిపెట్టుకుని ఉంటుంది.

అమెరికా సముద్రతీరాల్లో దీన్ని పీతమాంసంతోనూ, రొయ్యలతోనూ చేస్తారు. అక్కడ పులిసిన మీగడా, క్రీమ్ చీజూ వాడతారు. మనకు వాటి అవసరం లేదు. గుడ్డలో కట్టి నీళ్ళు దించిన పెరుగు చాలు. షోలాపూర్‌లో ఉన్న మనవాళ్ళకు ఇది కొత్త కాదు. శ్రీఖండ్ కోసం ఇలా కట్టిన పెరుగును అక్కడ చక్కా అంటారు. ఆ చక్కాలో పంచదార వేయకుండా రొయ్యలు కలుపుతాం, అంతే తేడా.

కాగితం, కలం దగ్గర పెట్టుకోండి. పది పన్నెండు మందికి సరిపోయే లెక్క చెబుతున్నాను. చిక్కటి గేదెపాల పెరుగు 1 లీటరు. ఒలిచిన రొయ్యలు పావుకిలో. తలా పొట్టూ ఉన్నవి కొంటే అరకిలో తీసుకోండి, ఒలిచేసరికి ఇంచుమించు సగం పోతుంది. వెన్న ఒక పెద్ద చెంచా, వెల్లుల్లి 4 రెబ్బలు, పచ్చిమిరపకాయ ఒకటి, మిరియాల పొడి అర చిన్న చెంచా, చిటికెడు పసుపు, రెండు మూడు ఉల్లికాడలు, అరచెక్క నిమ్మకాయ, రుచికి ఉప్పు. రాసుకోనివారి కోసం ముఖ్యమైనవి మళ్ళీ చెబుతాను: పెరుగు లీటరు, రొయ్యలు పావుకిలో, వెన్న పెద్ద చెంచా. మిగిలినవి మీ ఇంటి రుచిని బట్టి కాస్త అటూ ఇటూ అయినా ఫరవాలేదు.

పని ముందురోజు రాత్రే మొదలవుతుంది. ఉతికి ఆరబెట్టిన పల్చటి నూలుగుడ్డలో పెరుగు పోసి మూటకట్టి, జల్లెడలో ఉంచి, కింద గిన్నె పెట్టండి. మొత్తాన్ని ఫ్రిజ్‌లో పెట్టేయండి. వెనుకటి రోజుల్లో మూటను వంటింట్లో మేకుకు తగిలించేవారు. మన ఎండలకు అలా తగిలిస్తే తెల్లవారేసరికి పులిసిపోతుంది. తెల్లవారాక చూస్తే లీటరు పెరుగు సగానికంటే తక్కువకు దిగి, మెత్తటి వెన్నముద్దలా ఉంటుంది. కింద చేరిన నీళ్ళు పారబోయకండి, చపాతీ పిండి కలుపుకోవచ్చు.

ఈ మూట దగ్గర తొందరపడితే ఏమవుతుందో నాకు అనుభవమే. మా అక్క కూతురి నిశ్చితార్థానికి నేను పెరుగును రెండు గంటలే కట్టి ఉంచాను. చాలదేమోనన్న అనుమానంతో మిక్సీలో కూడా వేశాను. మగపెళ్ళివారు వచ్చేసరికి డిప్పు కాస్తా మజ్జిగ పులుసైంది. వియ్యపురాలు మంచి మనిషి, గ్లాసు తెప్పించుకుని తాగారు. కట్టిన పెరుగును మిక్సీలో వేస్తే పలచబడుతుంది. గరిటెతోనో ఫోర్కుతోనో గిలక్కొడితే చాలు.

ఇక రొయ్యల సంగతి. ఈ వంటకు పెద్ద రొయ్యలు కొనడం డబ్బు దండగ, ఎలాగూ చిన్న ముక్కలుగా తరిగేస్తాం. యానాం, బరంపురం శ్రోతలకు గోదావరి రొయ్యో, చిలికా రొయ్యో తాజాగా దొరుకుతుంది. తల గట్టిగా అతుక్కుని ఉండాలి, పొట్టు మెరవాలి, ఘాటైన వాసన ఉండకూడదు. తల వేలాడుతూ ఉంటే ఆ రొయ్య పట్టి చాలాసేపైందని అర్థం. బళ్ళారి, హోసూరు వైపు ఉన్నవారికి ఐసులో వచ్చినవో, గడ్డకట్టించిన ప్యాకెట్లో దొరుకుతాయి. అవీ మంచివే. ప్యాకెట్టును ముందురోజు రాత్రి ఫ్రిజ్ కింది అరలో పెట్టి నెమ్మదిగా కరగనివ్వండి. వేడినీళ్ళలో పడేస్తే పైన మెత్తబడి లోపల గడ్డగానే ఉంటాయి.

వీపు మీద గీత పెట్టి నల్లటి పేగు తీసేసి, కడిగి, నీళ్ళు పూర్తిగా ఓడ్చండి. బాణలిలో వెన్న వేసి, నలిపిన వెల్లుల్లి, సన్నగా తరిగిన పచ్చిమిర్చి వేగాక రొయ్యలు, పసుపు, కొంచెం ఉప్పు వేయండి. రొయ్య ఉడుకుతుంటే ఎర్రబడుతుంది కదా, ఆ ఎరుపు కొత్తగా పుట్టింది కాదు. అస్టాగ్జాంథిన్ అనే రంగు పదార్థం రొయ్యలో ముందునుంచీ ఉంటుంది. పచ్చి రొయ్యలో ఒక మాంసకృత్తి దాన్ని పట్టి ఉంచుతుంది. వేడికి ఆ పట్టు వదిలి రంగు బయటపడుతుంది. చిన్న రొయ్యలకు మూడు నాలుగు నిమిషాలు చాలు. లోపల కూడా తెల్లబడి, కొడవలిలా వంగితే సరిగ్గా ఉడికినట్టు. సున్నా చుట్టుకుందంటే ఎక్కువైంది, నమిలితే రబ్బరే.

ఇక్కడ ఒక చిన్న కిటుకు ఉంది. రొయ్యల నుంచి ఊరిన నీటిలోనే రుచంతా ఉంటుంది, కానీ ఆ నీరు పెరుగులో కలిస్తే డిప్పు పలచబడుతుంది. అందుకని ఉడికిన రొయ్యలను పళ్ళెంలోకి తీసేసి, బాణలిలో మిగిలిన నీటిని ఒక చెంచాడు అయ్యేదాకా మరిగించి, రొయ్యల మీద పోయండి. పల్చగా పరిచి చల్లారాక, కాసేపు ఫ్రిజ్‌లో ఉంచండి. వేడి మీద పెరుగులో కలిపితే నీరు విడుస్తుంది. బాగా చల్లబడ్డాక చిన్న ముక్కలుగా తరిగి, గిలక్కొట్టిన పెరుగులో కలిపి, మిరియాల పొడి, ఉల్లికాడలు, నిమ్మరసం వేయండి. మిగతా ఉప్పు వడ్డించే ముందే వేయాలి, ముందుగా వేస్తే ఉల్లికాడల నీరంతా లాగేస్తుంది. ఆవాల తిరగమోత పెట్టవచ్చా అని ఒకరు నన్నడిగారు. పెడితే పెరుగు పచ్చడి అవుతుంది, అదీ బాగానే ఉంటుంది.

ముంచుకోవడానికి మన చెక్కలను మించినవి లేవు. కన్నడదేశంలో నిప్పట్లు, తమిళనాట తట్టై అని మీరు కొనుక్కునేవి అవే. క్యారట్, కీరా ముక్కలు తడి తుడిచి పెట్టండి.

పచ్చి రొయ్యలు కోసిన కత్తీ, పీటా సబ్బుతో కడగకుండా ఉల్లికాడలు తరగకండి. సముద్రపు నీటిలో ఉండే విబ్రియో జాతి క్రిములు పచ్చి రొయ్యల మీద ఉండవచ్చు. ఉడికిస్తే చస్తాయి, కత్తికి అంటుకున్నవి చావవు. నిమ్మరసం పిండాం కదా అన్న ధైర్యం పనికిరాదు.

గిన్నె బల్ల మీద ఎంతసేపు ఉండవచ్చు? 5 డిగ్రీల సెల్సియస్ నుంచి 60 డిగ్రీల దాకా క్రిములు పెరిగే వేడి. మామూలు రోజుల్లో రెండు గంటలు, 32 డిగ్రీలు దాటిన రోజుల్లో ఒక్క గంట, అంతే గడువు. మన ప్రాంతాల్లో ఏడాదిలో ఎన్ని నెలలు 32 దాటుతుందో మీకు తెలియనిది కాదు. కరెంటు పోయి ఫ్రిజ్ చాలాసేపు ఆగినా ఇదే లెక్క. అందుకని డిప్పును రెండు గిన్నెలుగా చేసి, ఒకటి బయట, ఒకటి ఫ్రిజ్‌లో ఉంచండి. బయటి గిన్నెను ఐసు ముక్కలు పోసిన పెద్ద పళ్ళెంలో కూర్చోబెట్టండి. గడువు దాటింది పారేయాల్సిందే. చేతుల నుంచి చేరే స్టెఫిలోకాకస్ అనే క్రిమి వదిలే విషం మరిగించినా పోదు.

మన విందుల్లో మాంసాహారం తినని చుట్టాలూ ఉంటారు. రొయ్యలు కలపకముందే కొంత పెరుగు వేరే గిన్నెలోకి తీసి, వేయించిన వెల్లుల్లి, కొత్తిమీర కలిపి వారికోసం పెట్టండి. నేనూ ఒకసారి మా ఇంట్లో పుట్టినరోజుకు అలాగే రెండు గిన్నెలు పెట్టాను. చెంచాలు మాత్రం ఒకే రకంవి వేశాను. ఎవరో రొయ్యల గిన్నెలోని చెంచా తీసి రెండోదానిలో ముంచారు. పక్కింటి అబ్బాయికి తొమ్మిదేళ్ళు, వాడికి రొయ్య పడదని తెలిసే వాళ్ళమ్మ వాణ్ణి రెండో గిన్నె దగ్గర కూర్చోబెట్టింది. పావుగంటకల్లా పెదవులు వాచాయి, ఒళ్ళంతా దద్దుర్లు, ఊపిరిలో గురక. ఆటోలో ఆసుపత్రికి పరుగెత్తాం. వెంటనే సూదిమందు ఇచ్చి, రాత్రంతా ఉంచి పంపారు. పిల్లవాడు క్షేమం, ఇప్పుడు కాలేజీలో చదువుతున్నాడు. వాళ్ళమ్మ నన్ను ఒక్కమాట అనలేదు. అంటే బాగుండేదని చాలారోజులు అనుకున్నాను.

ఇది రొయ్యలోని ట్రోపోమయోసిన్ అనే మాంసకృత్తి పడకపోవడం వల్ల వస్తుంది. పీతల్లోనూ అలాంటిదే ఉంటుంది. ఎంత ఉడికించినా దాని గుణం పోదు. రొయ్యలు వేయించిన నూనెలో అప్పడాలు వేయించినా ప్రమాదమే. గిన్నెలు ఒకదానికొకటి దూరంగా పెట్టండి, చెంచాలు వేర్వేరు రంగులవి వాడండి, వచ్చినవారికి నోటితో చెప్పండి. పెదవులు వాచినా, ఊపిరి ఆడకపోయినా ఇంటి వైద్యంతో కాలయాపన చేయకండి. వెంటనే ఆసుపత్రికి తీసుకెళ్ళాలి.

పెరుగులో రొయ్యలేమిటి, బొల్లి మచ్చలు రావా అని అడిగే పెద్దలు ప్రతి ఇంట్లోనూ ఉంటారు. పాలు, చేపలు కలిపి తినరాదని చరక సంహితలో ఉన్న మాట నిజమే. అయితే బొల్లి అనేది శరీర రక్షణ వ్యవస్థ తన రంగు కణాల మీదే తిరగబడటం వల్ల వచ్చేదని వైద్యులు చెబుతారు, తిండి కలయిక వల్ల వస్తుందనడానికి ఆధారం లేదు. ఒడిశాలో, బెంగాల్లో పెరుగుతో చేపల కూర ఇష్టంగా వండుకుంటారు. అలాగని పెద్దవాళ్ళతో వాదించి విందు పాడుచేసుకోనక్కరలేదు. పెరుగు బదులు 150 గ్రాముల పలాస జీడిపప్పు గంటసేపు వేడినీటిలో నానబెట్టి, కొద్ది నీటితో వెన్నలా రుబ్బి, నిమ్మరసం పిండి, అందులో ఆ రొయ్యలే కలపండి. ఖర్చు ఎక్కువ, రుచి నాకైతే ఇంకా ఎక్కువ. జీడిపప్పు పడనివారు కూడా ఉంటారు, వారికీ ముందే చెప్పండి.

ఫ్రిజ్‌లోంచి బయటికి తీయని గిన్నె మిగిలితే రెండు రోజుల్లోపు తినేయవచ్చు. రొట్టె ముక్కల మధ్య పూస్తే పిల్లల బడి డబ్బాకు బాగుంటుంది అనిపిస్తుంది గానీ, ఆ డబ్బా మధ్యాహ్నం దాకా వేడిలో ఉంటుంది. అందుకని ఇంట్లోనే, పొద్దున పలహారంగా పెట్టండి.