పేదవాని హక్కు

పేదరిక నిర్మూలన ప్రభుత్వ బాధ్యతా, దాతల బాధ్యతా అన్న వాదన తరచూ వింటున్నాం. ప్రభుత్వం చేయూతనిస్తే జనం సోమరులవుతారని కొందరంటారు. 2006 ఫిబ్రవరి 2న అనంతపురం జిల్లా బండ్లపల్లిలో ప్రారంభమైన ఉపాధి హామీ పథకాన్నే చూద్దాం. అది ఊరికే సొమ్ము పంచలేదు. గ్రామీణ కుటుంబానికి ఏడాదికి 100 రోజుల పని అడిగే హక్కునిచ్చింది. 15 రోజుల్లో పని చూపకుంటే నిరుద్యోగ భృతి చెల్లించాలని చట్టం శాసించింది. దాతను పేదవాడు ఇలా నిలదీయగలడా?

దివ్యఖుర్ఆన్ తౌబా సూరా 60వ ఆయతు పేర్కొన్న ఎనిమిది జకాత్ పద్దులలో దానిని వసూలు చేసే సిబ్బంది కూడా ఉన్నారు. అంటే పేదల వాటాను కేవలం దాతల దయకు వదలక, ఒక వ్యవస్థకు అప్పగించారన్నమాట. అలాగని ప్రభుత్వం ఉంది కదా అని మనం చేతులు ముడుచుకోరాదు. కూలి డబ్బు ఆలస్యమైన వారం పొరుగింట పొయ్యి వెలిగిందో లేదో చూడవలసింది మనమే.